బి. నర్సింగరావు

బి. నర్సింగరావు (పూర్తి పేరు బొంగు నర్సింగరావు) తెలుగు చలనచిత్ర దర్శకుడు, చిత్రానువాద రచయిత, నిర్మాత, సంగీతకారుడు, చిత్రకారుడు. తెలంగాణ గ్రామీణ జీవితాన్ని, అక్కడి శ్రామికుల మాటను, గడీల వెనుక దాగిన స్త్రీల వేదనను తెరకెక్కించిన కొద్దిమంది దర్శకులలో ఈయన ప్రముఖుడు. ''మా భూమి'' చిత్రానికి సహ నిర్మాతగా, రచయితలలో ఒకరిగా సినీరంగ ప్రవేశం చేసి, ఆ తరువాత ''రంగుల కల'', ''దాసి'', ''మట్టి మనుషులు'' వంటి చిత్రాలకు దర్శకత్వం వహించాడు. ఈయన దర్శకత్వం వహించిన కథాచిత్రాల సంఖ్య చాలా తక్కువ. అయినప్పటికీ వాటిలో మూడు జాతీయ స్థాయిలో ఉత్తమ తెలుగు చిత్రాలుగా ఎంపికయ్యాయి. వ్యాపార చిత్రాల పరిధికి వెలుపల పనిచేయడం వలన, చలనచిత్రోత్సవాలలో లభించినంత గుర్తింపు సాధారణ ప్రేక్షకులలో ఈయనకు లభించలేదు.

బాల్యం, తొలి జీవితం

నర్సింగరావు 1946 డిసెంబరు 26న గజ్వేల్ సమీపంలోని ప్రజ్ఞాపూర్ గ్రామంలో జన్మించాడు. ఈ గ్రామం అప్పటి హైదరాబాదు సంస్థానంలోని మెదక్ జిల్లాకు చెందినది. 2016లో జరిగిన జిల్లాల పునర్విభజన తరువాత ఇది సిద్దిపేట జిల్లాలో భాగమైంది. ఈయన జన్మించిన సంవత్సరంలోనే నల్లగొండ జిల్లాలో రైతాంగ సాయుధ పోరాటం తీవ్రరూపం దాల్చింది. సంస్థానం భారతదేశంలో విలీనమయ్యేనాటికి ఈయనకు ఇంకా రెండేళ్ళు నిండలేదు. ఆ పోరాటానికి కారణమైన భూస్వామ్య వ్యవస్థయే తరువాతి కాలంలో ఈయన చిత్రాలకు ప్రధాన వస్తువయింది.

యువకుడిగా హైదరాబాదులో చిత్రలేఖనం అభ్యసించాడు. రంగు, రేఖ, వెలుగునీడల పట్ల అప్పుడు అలవడిన శ్రద్ధ ఈయన చలనచిత్రాలలో స్పష్టంగా కనిపిస్తుంది. సంభాషణతో చెప్పవలసిన విషయాన్ని దృశ్యంతో చెప్పడానికి ప్రయత్నించడం ఈయన పద్ధతి.

ఆర్ట్ లవర్స్, జన నాట్య మండలి

సినిమాలలోకి రాకముందు నర్సింగరావు ప్రజా కళారంగంలో పనిచేశాడు. హైదరాబాదులో కొందరు మిత్రులతో కలిసి ''ఆర్ట్ లవర్స్'' అనే సంఘాన్ని ఏర్పాటు చేశాడు. శ్రీకాకుళ రైతాంగ ఉద్యమ ప్రభావంతో కవులు, కళాకారులు ప్రజల వద్దకు వెళ్ళాలన్న ఆలోచన బలపడిన కాలమది. అప్పటికి బుర్రకథలు చెప్పుకుంటున్న గుమ్మడి విఠల్ రావు ఈ సంఘంతోనే ప్రజాగాయకుడిగా ఎదిగి, తరువాత గద్దర్ అన్న పేరుతో ప్రసిద్ధుడయ్యాడు. ఈ సంఘమే 1972లో జన నాట్య మండలిగా రూపొందింది.

ఈ అనుభవం నర్సింగరావు చిత్రాలకు రెండు విధాలుగా తోడ్పడింది. మొదటిది, జానపద బాణీలతో, పల్లె కళారూపాలతో కలిగిన పరిచయం. రెండవది, వృత్తి నటులు కాని వారిని, రంగస్థలం నుండి వచ్చిన వారిని నటింపజేయగల నేర్పు.

సమాంతర చిత్రాలు - తెలంగాణ నేపథ్యం

1970వ దశకంలో తెలంగాణ పల్లెలను తెరకెక్కించిన చిత్రాలు కొన్ని వచ్చాయి. హైదరాబాదు సమీపంలో పుట్టి పెరిగిన శ్యామ్ బెనెగల్ ''అంకుర్'' (1974), ''నిశాంత్'' (1975) చిత్రాలలో ఈ ప్రాంతపు భూస్వామ్యాన్ని చిత్రించాడు. అయితే అవి హిందీ చిత్రాలు. బెంగాలీ దర్శకుడు మృణాల్ సేన్ ప్రేమ్‌చంద్ కథ ''కఫన్'' ఆధారంగా ''ఒక ఊరి కథ'' (1977) తీశాడు. దాశరథి రంగాచార్య నవల ''చిల్లర దేవుళ్ళు'' కూడా సినిమాగా వచ్చింది.

ఆ కాలంలో తెలుగు చిత్ర పరిశ్రమ ప్రధానంగా మద్రాసు కేంద్రంగా పనిచేసేది. కథానాయకుడి మాట ఎక్కువగా కోస్తా జిల్లాల శిష్టభాషకు దగ్గరగా ఉండేది. తెలంగాణ మాట వినిపించినా అది తరచుగా సేవకునికో, ప్రతినాయకునికో, హాస్యపాత్రకో పరిమితమయ్యేది. ఆ మాట మాట్లాడే మనిషి కథకు కేంద్రం కావడం అరుదు. నర్సింగరావు కృషి ప్రాధాన్యం ఈ నేపథ్యంలో అర్థమవుతుంది.

మా భూమి

ఉర్దూ రచయిత కిషన్ చందర్ తెలంగాణ రైతాంగ పోరాటంపై ''జబ్ ఖేత్ జాగే'' అనే నవల రచించాడు. ఉరిశిక్షకు సిద్ధమవుతున్న ఒక యువరైతు జ్ఞాపకాలుగా ఆ నవల సాగుతుంది. ఈ నవల ఆధారంగా నర్సింగరావు, జి. రవీంద్రనాథ్ కలిసి చైతన్య చిత్ర పతాకంపై ''మా భూమి'' చిత్రాన్ని నిర్మించారు. కరవుపై ''హంగ్రీ ఆటమ్'' అనే డాక్యుమెంటరీ తీసిన బెంగాలీ దర్శకుడు గౌతమ్ ఘోష్‌కు ఇదే మొదటి కథాచిత్రం. చిత్రానువాద రచనలో గౌతమ్ ఘోష్‌తో పాటు నర్సింగరావు కూడా పాలుపంచుకున్నాడు. ఇదే పేరుతో సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావులు రచించిన నాటకం వేరు. పేరు ఒకటే అయినా ఈ చిత్రానికి ఆ నాటకం ఆధారం కాదు.

చిత్ర కథానాయకుడు రామయ్య పేద కుటుంబంలో పుట్టిన యువకుడు. ఈ పాత్రను సాయిచంద్ ధరించాడు. తాను ప్రేమించిన చంద్రి దొర కోరికకు లొంగవలసి రావడంతో రామయ్య ఊరు విడిచి వెళతాడు. నగరంలో కార్మికుల మధ్య అతనికి కొత్త చైతన్యం కలుగుతుంది. తిరిగి ఊరికి వచ్చి పోరాటంలో చేరతాడు. గడీని వదిలి పారిపోయిన దొరలు 1948 సైనిక చర్య తరువాత మళ్ళీ ఊళ్ళోకి వస్తారు. సంస్థానం పోయినా, పంచుకున్న భూమి రైతు చేతిలో నిలుస్తుందా అన్న ప్రశ్నను చిత్రం ప్రేక్షకుల ముందు ఉంచుతుంది. కాకరాల, భూపాల్ రెడ్డి, తెలంగాణ శకుంతల తదితరులు ఇతర పాత్రలు పోషించారు.

నలుపు తెలుపులలో తీసిన ఈ చిత్రం 1980 మార్చి 23న విడుదలయింది. పోరాట కాలంలో ప్రాణాలు కోల్పోయిన బండి యాదగిరి రచించిన నిజాం వ్యతిరేక గీతాన్ని ఈ చిత్రంలో గద్దర్ స్వయంగా తెరపై కనిపించి పాడాడు. పశువులు కాసే పిల్లవానిపై సుద్దాల హనుమంతు రచించిన గీతం కూడా ఇందులో ఉంది. ఈ రెండు పాటలూ పోరాట కాలంలో నల్లగొండ ప్రాంతంలో పుట్టినవే. అప్పటివరకు సభలలో, పల్లెలలో మాత్రమే వినిపించిన ఈ పాటలు సినిమా ద్వారా రాష్ట్రమంతటికీ చేరాయి. 2013లో సీఎన్ఎన్-ఐబీఎన్ వార్తాసంస్థ ప్రకటించిన వంద గొప్ప భారతీయ చిత్రాల జాబితాలో ''మా భూమి'' చోటు చేసుకుంది.

చిత్రానికి మూలమైన చరిత్ర

''మా భూమి'', ''దాసి'' చిత్రాలను అర్థం చేసుకోవడానికి నాటి తెలంగాణ భూస్వామ్య వ్యవస్థ గురించి కొంత తెలుసుకోవడం అవసరం. నిజాం పాలనలోని హైదరాబాదు సంస్థానంలో భూమి చాలావరకు జాగీర్దారులు, దేశ్‌ముఖులు వంటి వారి అధీనంలో ఉండేది. ఊరి దొర నివసించే కోటవంటి పెద్ద భవనాన్ని గడీ అనేవారు. గ్రామంలోని వృత్తికులాల వారు దొరకు కూలి లేకుండా పనిచేయవలసి వచ్చేది. దీనినే వెట్టిచాకిరి అంటారు. చాకలి బట్టలు ఉతకాలి, కుమ్మరి కుండలు ఇవ్వాలి, మాదిగ చెప్పులు కుట్టి ఇవ్వాలి, గొల్లవారు గొర్రెలను ఇవ్వాలి. ప్రతిఫలం అడిగే హక్కు వారికి ఉండేది కాదు.

వెట్టిలో అత్యంత దారుణమైనది స్త్రీలకు సంబంధించినది. దొరల ఇంటి ఆడపిల్లకు పెళ్ళి చేసి అత్తవారింటికి పంపేటప్పుడు ఆమెతో పాటు సేవకు ఒక పేదింటి పిల్లను కూడా పంపేవారు. ఇటువంటి వారిని ఆడబాపలు అనేవారు. ఆ పిల్ల ఇల్లు ఊడ్చి, నీళ్ళు తోడి, కాళ్ళు పిసికి, చివరకు దొరల కోరికలను కూడా తీర్చవలసి వచ్చేది. ఆమెకు పెళ్ళి ఉండదు, సొంత ఇల్లు ఉండదు, కన్న బిడ్డపై హక్కు ఉండదు.

ఈ అణచివేతకు వ్యతిరేకంగా ఆంధ్ర మహాసభ ఆధ్వర్యంలో ప్రజలు సంఘటితమయ్యారు. 1946 జూలై 4న అప్పటి నల్లగొండ జిల్లాలోని కడవెండిలో దొర మనుషుల కాల్పులలో దొడ్డి కొమరయ్య మరణించాడు. దానితో పోరాటం సాయుధ రూపం దాల్చి అనేక గ్రామాలకు వ్యాపించింది. 1948 సెప్టెంబరులో భారత సైన్యం సంస్థానంలో ప్రవేశించింది. 1951 అక్టోబరులో కమ్యూనిస్టు పార్టీ పోరాటాన్ని విరమించింది.

రంగుల కల

నర్సింగరావు దర్శకత్వం వహించిన తొలి కథాచిత్రం ''రంగుల కల'' (1983). ఇందులో చిత్రకారుని పాత్రను ఈయనే ధరించాడు. రూప కథానాయికగా నటించింది. చిత్రకళను నమ్ముకున్న ఒక యువకుడు నగరంలో ఎదుర్కొనే సంఘర్షణ ఈ చిత్రానికి వస్తువు. కళాఖండాన్ని కొని గోడకు అలంకరించుకునే సంపన్నులు ఒకవైపు, తన చుట్టూ బతుకు వెళ్ళదీస్తున్న శ్రామికులు మరొకవైపు అతనికి కనిపిస్తారు. తాను ఎవరి కోసం బొమ్మ వేయాలి అన్నది అతని ప్రశ్న.

గద్దర్ పాటలు ఈ చిత్రానికి విస్తృత ప్రచారం తెచ్చాయి. రిక్షా కార్మికుని జాగ్రత్తగా ఉండమని హెచ్చరించే పాట చిత్రం చూడని వారికి కూడా పరిచితమయింది. ఈ చిత్రానికి 31వ జాతీయ చలనచిత్ర పురస్కారాలలో ఉత్తమ తెలుగు చిత్రం పురస్కారం లభించింది.

ఒక చిత్రకారుడు తన మొదటి చిత్రంలో చిత్రకారుని కథనే చెప్పి, తానే ఆ పాత్ర ధరించడం వలన దీనిలో ఆత్మకథాత్మక ధోరణి కనిపిస్తుంది. ప్రజా కళారంగంలో ఉన్నప్పుడు ఎదురైన ప్రశ్ననే ఈయన ఇక్కడ తెరపై మళ్ళీ అడిగాడని చెప్పవచ్చు.

డాక్యుమెంటరీ చిత్రాలు

''రంగుల కల'' తరువాత నర్సింగరావు కొంతకాలం డాక్యుమెంటరీల వైపు మొగ్గాడు. హైదరాబాదు నగరంపై ''ది సిటీ'' (1985), తెలంగాణ పల్లెపై ''మా ఊరు'' (1987) తీశాడు. ''మా ఊరు'' చిత్రంలో గ్రామంలోని వృత్తులు, పనులు, పండుగలు, ఆటపాటలు నమోదయ్యాయి. మానవశాస్త్ర చిత్రంగా దీనికి జాతీయ స్థాయిలో గుర్తింపు లభించింది.

ఈ డాక్యుమెంటరీల ప్రాముఖ్యం కాలం గడిచేకొద్దీ పెరిగింది. 1980వ దశకంలో పల్లెలలో సాధారణంగా కనిపించిన మోటబావి, మగ్గం, కుమ్మరి సారె, ఎడ్లబండి వంటివి తరువాతి తరానికి అపరిచితమయ్యాయి. వాటిని పాత కాలపు వింతలుగా కాక, బతుకుదెరువు సాధనాలుగా చిత్రించిన చలనచిత్రాలు తెలుగులో ఎక్కువగా లేవు.

ఒక పనిని మొదలు నుండి చివరి వరకు ఓపికగా చూపే అలవాటు ఈయనకు డాక్యుమెంటరీలలో బలపడింది. అదే పద్ధతిని ''దాసి'' కథాచిత్రంలోనూ అనుసరించాడు.

దాసి

''దాసి'' (1988) నర్సింగరావు చిత్రాలలో అత్యంత ప్రసిద్ధమైనది. కథ 1920వ దశకంలో ఒక తెలంగాణ గడీలో జరుగుతుంది. కమలాక్షి అనే దాసి పాత్రను అర్చన పోషించింది. భూపాల్ రెడ్డి దొరగా, రూప దొరసానిగా నటించారు.

కథలో సంఘటనలు తక్కువ. కమలాక్షి తెల్లవారకముందే లేస్తుంది. ఊడుస్తుంది, తోముతుంది, నీళ్ళు మోస్తుంది, దొరసానికి సేవలు చేస్తుంది. రాత్రి దొర పిలిస్తే వెళుతుంది. గడీకి అతిథులు వస్తే వారి వద్దకు కూడా వెళ్ళవలసి వస్తుంది. ఆమె గర్భవతి అయినప్పుడు ఆ బిడ్డను ఉంచుకోవాలా వద్దా అన్నది కూడా ఆమె నిర్ణయం కాదు. బలవంతంగా గర్భస్రావం చేయించడంతో కథ విషాదాంతమవుతుంది.

ఈ చిత్రంలో దొరను కొరడా పట్టుకున్న ప్రతినాయకునిగా చూపలేదు. అతడు గొంతు పెంచవలసిన అవసరమే రాదు. గడీలోని ప్రతి మనిషికీ తన స్థానమేమిటో తెలుసు. దాసి ఎదురు చెప్పదు. ఎదురు చెప్పవచ్చునన్న ఊహకు కూడా అక్కడ చోటు లేదు. హింస ఎంత సాధారణమైన దినచర్యగా మారిందో చూపడమే చిత్రానువాదంలోని ప్రధాన లక్షణం. దొరసాని కూడా మరొక విధంగా గడీ గోడల మధ్య బందీయే. అయితే ఆమె తన అసంతృప్తిని దాసిపై చూపగలదు. దాసికి ఆ అవకాశం కూడా లేదు.

''మా భూమి''తో పోల్చినప్పుడు ''దాసి'' కథాకాలం సుమారు రెండు దశాబ్దాలు వెనుకటిది. మొదటి చిత్రంలో తిరుగుబాటు ఉంది. రెండవ చిత్రంలో ఆ తిరుగుబాటు ఎందుకు తప్పనిసరి అయిందో తెలిపే నిశ్శబ్దం ఉంది. ఈ కారణంగా రెండు చిత్రాలనూ కలిపి చూడడం విద్యార్థులకు ఉపయోగకరం.

36వ జాతీయ చలనచిత్ర పురస్కారాలలో ''దాసి'' చిత్రానికి ఐదు పురస్కారాలు లభించాయి.

* ఉత్తమ తెలుగు చిత్రం
* ఉత్తమ నటి - అర్చన
* ఉత్తమ ఛాయాగ్రహణం - అపూర్వ కిశోర్ బీర్
* ఉత్తమ కళా దర్శకత్వం - తోట వైకుంఠం
* ఉత్తమ దుస్తుల రూపకల్పన - సుదర్శన్

అర్చన అంతకుముందు సంవత్సరమే బాలు మహేంద్ర తీసిన తమిళ చిత్రం ''వీడు''కు ఉత్తమ నటి పురస్కారం పొందింది. ఈ విధంగా వరుసగా రెండు సంవత్సరాలు, రెండు వేర్వేరు భాషల చిత్రాలకు ఆమెకు ఈ గౌరవం దక్కింది. కళా దర్శకుడు తోట వైకుంఠం కరీంనగర్ జిల్లాకు చెందిన చిత్రకారుడు. పెద్ద బొట్టు, ముదురు రంగుల చీరలతో తెలంగాణ స్త్రీలను చిత్రించి దేశవ్యాప్తంగా పేరు పొందాడు. దుస్తుల రూపకర్త సుదర్శన్ నల్లగొండ జిల్లా మిర్యాలగూడకు చెందినవాడు. ఈ చిత్రం తరువాత ఆయన ''దాసి సుదర్శన్''గానే ప్రసిద్ధుడయ్యాడు. చీర కట్టు, నగ, పాగా వంటి వివరాలు ఎవరు ఏ స్థాయి వారో మాట లేకుండానే తెలియజేసేవి. అందువలన ఇటువంటి చిత్రంలో దుస్తులు అలంకారం మాత్రమే కాక కథనంలో భాగమయ్యాయి.

1989లో మాస్కో అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో ''దాసి'' ప్రదర్శితమయింది.

మట్టి మనుషులు

''మట్టి మనుషులు'' (1990) వర్తమాన కాలానికి సంబంధించిన కథ. పల్లెలో బతుకుదెరువు లేక నగరానికి వచ్చి భవన నిర్మాణ పనులలో చేరిన కూలీల జీవితం ఇందులోని వస్తువు. అర్చన, నీనా గుప్తా, మొయిన్ అలీ బేగ్ ముఖ్య పాత్రలు పోషించారు. పెద్ద పెద్ద భవనాలు కట్టేవారికి తలదాచుకోవడానికి గుడిసె తప్ప మరేమీ ఉండదు. ఒక భవనం పూర్తికాగానే ఆ గుడిసె కూడా లేచిపోతుంది. ఈ అస్థిరత కుటుంబ సంబంధాలను ఎలా దెబ్బతీస్తుందో, ఆ భారం స్త్రీపై ఎక్కువగా ఎలా పడుతుందో ఈ చిత్రం తెలుపుతుంది. పురుషునితో సమానంగా ఇటుకలు, సిమెంటు మోసే స్త్రీ పనిచోట మేస్త్రీల వేధింపులను, ఇంట్లో భర్త నిర్లక్ష్యాన్ని కూడా భరించవలసి వస్తుంది.

38వ జాతీయ చలనచిత్ర పురస్కారాలలో ఇది ఉత్తమ తెలుగు చిత్రంగా ఎంపికయింది. 1991లో మాస్కో అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో యోగ్యతా పత్రాన్ని పొందింది.

దక్షిణ తెలంగాణతో సంబంధం

నర్సింగరావు మెదక్ ప్రాంతానికి చెందినవాడైనా, ఈయన చిత్రాల వస్తువుకు నల్లగొండ, మహబూబ్‌నగర్ జిల్లాలతో సన్నిహిత సంబంధం ఉంది. ''మా భూమి''కి నేపథ్యమైన సాయుధ పోరాటానికి నల్లగొండ జిల్లా ప్రధాన కేంద్రం. అందులోని ప్రసిద్ధ గీతాలు కూడా ఆ ప్రాంతానివే.

''మట్టి మనుషులు'' చిత్రించిన వలస కూలీల జీవితం మహబూబ్‌నగర్ జిల్లా ప్రజలకు చిరపరిచితం. కృష్ణా, తుంగభద్ర నదులు జిల్లా సరిహద్దులలోనే పారుతున్నా, కల్వకుర్తి, అచ్చంపేట, నారాయణపేట, మక్తల్ వంటి ప్రాంతాల మెట్ట భూములు దీర్ఘకాలం వర్షంపైనే ఆధారపడ్డాయి. వానలు లేని ఏడు రైతులు, కూలీలు కుటుంబాలతో సహా హైదరాబాదు, బొంబాయి, పూనా వంటి నగరాలకు వలస వెళ్ళేవారు. దేశంలోని అనేక ఆనకట్టలు, కాలువలు, రహదారుల నిర్మాణంలో పనిచేసిన వీరిని ''పాలమూరు కూలీలు'' అనేవారు. మేస్త్రీ ముందుగా కొంత అప్పు ఇచ్చి, ఆ అప్పు తీరేవరకు పని చేయించుకునే పద్ధతి ఉండేది. ముసలివారు ఊళ్ళో మిగిలిపోయేవారు. పిల్లల చదువు ఆగిపోయేది. గడీ పాలన ముగిసిన తరువాత కూడా పేదవాని శ్రమకు రక్షణ లేదన్న విషయాన్ని ''మట్టి మనుషులు'' గుర్తుచేస్తుంది. వెట్టి నుండి వలస వరకు సాగిన ఈ మార్పును ఒకే దర్శకుని రెండు చిత్రాలలో వరుసగా చూడవచ్చు.

తరువాతి కాలం

''మట్టి మనుషులు'' తరువాత నర్సింగరావు ''ఆకృతి'' (1991) అనే లఘుచిత్రాన్ని తీశాడు. కథాచిత్రాల విషయంలో మాత్రం సుదీర్ఘ విరామం ఏర్పడింది. 2003లో ''హరివిల్లు'' చిత్రానికి దర్శకత్వం వహించాడు. ఈ విరామానికి కేవలం వ్యక్తిగత కారణాలు మాత్రమే కాక, పరిస్థితుల ప్రభావం కూడా ఉందని భావించవచ్చు. 1990వ దశకంలో ఉపగ్రహ టెలివిజన్ ఛానళ్ళు విస్తరించాయి. అంతకుముందు జాతీయ పురస్కారం పొందిన ప్రాంతీయ భాషా చిత్రాలను దూరదర్శన్ ఆదివారం మధ్యాహ్నం దేశమంతటా ప్రసారం చేసేది. థియేటర్లలో విడుదల కాని చిత్రాలకు అదే ప్రధానమైన ప్రేక్షకలోకం. కొత్త ఛానళ్ళ రాకతో ఆ ప్రసారాల ప్రాధాన్యం తగ్గిపోయింది. నిదానంగా నడిచే, తారలు లేని చిత్రాలకు పెట్టుబడి దొరకడం కష్టమయింది.

చిత్రలేఖనం, ఛాయాచిత్రకళ, కవిత్వం, జానపద కళలపై ఆసక్తిని ఈయన సినిమాలతో పాటు కొనసాగించాడు.

శైలి, విశేషాలు

నర్సింగరావు చిత్రాలలో సాధారణంగా కనిపించే లక్షణాలు ఇవి:

* సంభాషణలు తక్కువ. పాత్రల పని, చూపు, నడక ద్వారానే కథ సాగుతుంది.
* శ్రమకు ప్రాధాన్యం. నీళ్ళు తోడడం, రాళ్ళు మోయడం వంటి పనులను తొందరపడకుండా చూపుతాడు. దానివలన ఆ పనిలోని అలసట ప్రేక్షకునికి కూడా అనుభవంలోకి వస్తుంది.
* సహజ ధ్వనులకు ప్రాముఖ్యం. సంగీతం అవసరమైనంత మేరకే వినిపిస్తుంది. ''దాసి'' చిత్రానికి ఈయనే సంగీతం సమకూర్చాడు.
* తెలంగాణ మాండలికాన్ని హాస్యం కోసం కాక, పాత్రల సహజ భాషగా వాడడం.
* స్త్రీ పాత్రలు కేంద్రంగా ఉండడం. ముఖ్యంగా ''దాసి'', ''మట్టి మనుషులు'' చిత్రాలలో వ్యవస్థలోని అన్యాయం స్త్రీ జీవితం ద్వారానే వెల్లడవుతుంది.

ఈ చిత్రాల నడక చాలా నెమ్మదిగా ఉంటుందన్న విమర్శ ఉంది. ఏ శ్రామికుల గురించి ఈ చిత్రాలు తీశారో వారికే ఇవి పెద్దగా చేరలేదన్నది మరొక విమర్శ. ''రంగుల కల''లో చిత్రకారుని వేధించిన ప్రశ్న కూడా ఇదే కావడం గమనించదగినది. అయితే పాటల విషయంలో ఈ విమర్శ పూర్తిగా వర్తించదు. ''మా భూమి'', ''రంగుల కల'' పాటలు సినిమా హాళ్ళను దాటి ఊరూరా వ్యాపించాయి; తెలంగాణ ఉద్యమ సభలలోనూ వినిపించాయి.

ప్రభావం

తెలంగాణ భాషకు, జీవితానికి తెలుగు సినిమాలో ప్రాధాన్యం ఉండాలన్న చర్చలో ''మా భూమి'', ''దాసి'' చిత్రాల ప్రస్తావన తరచుగా వస్తుంది. 2014లో తెలంగాణ రాష్ట్రం ఏర్పడిన తరువాత ఈ ప్రాంతపు మాండలికం మాట్లాడే నాయికా నాయకులు వ్యాపార చిత్రాలలోనూ కనిపించసాగారు. ''ఫిదా'' (2017), ''బలగం'' (2023) వంటి చిత్రాలు ఇందుకు ఉదాహరణలు. వీటి కథలు, శైలి వేరు. కానీ తెలంగాణ మాటతో పూర్తి నిడివి చిత్రం నడపవచ్చునని, ఆ మాటలో దుఃఖాన్నీ గాంభీర్యాన్నీ పలికించవచ్చునని మూడు దశాబ్దాలకు పూర్వమే నిరూపించినవి నర్సింగరావు చిత్రాలు.

చరిత్ర విద్యార్థులకు కూడా ఈ చిత్రాలు ఉపయోగపడతాయి. వెట్టి, ఆడబాప, గడీ వంటి పదాలు పాఠ్యపుస్తకాలలో నిర్వచనాలుగా మిగిలిపోయాయి. ఆ వ్యవస్థను అనుభవించిన తరం దాదాపు కనుమరుగయింది. చాలా గడీలు శిథిలమయ్యాయి. ఒక దాసి రోజు ఎలా తెల్లవారి ఎలా ముగిసేదో తెలుసుకోవడానికి తెలుగులో ఉన్న కొద్ది దృశ్య ఆధారాలలో ''దాసి'' ఒకటి. అందుచేత ఇటువంటి చిత్రాల ప్రతులను భద్రపరచి, అందరికీ అందుబాటులో ఉంచడం ఒక దర్శకుని గౌరవించడానికి మాత్రమే కాక, ఒక ప్రాంతపు జ్ఞాపకాన్ని నిలుపుకోవడానికి కూడా అవసరం.

చిత్రాల జాబితా

* మా భూమి (1980) - సహ నిర్మాత, చిత్రానువాద రచయితలలో ఒకరు (దర్శకత్వం: గౌతమ్ ఘోష్)
* రంగుల కల (1983) - దర్శకుడు, నటుడు
* ది సిటీ (1985) - డాక్యుమెంటరీ, దర్శకుడు
* మా ఊరు (1987) - డాక్యుమెంటరీ, దర్శకుడు
* దాసి (1988) - రచయిత, దర్శకుడు, సంగీత దర్శకుడు
* మట్టి మనుషులు (1990) - రచయిత, దర్శకుడు
* ఆకృతి (1991) - లఘుచిత్రం, దర్శకుడు
* హరివిల్లు (2003) - దర్శకుడు

ఇవి కూడా చూడండి

* తెలంగాణ సాయుధ పోరాటం
* వెట్టిచాకిరి
* జన నాట్య మండలి
* గద్దర్
* సుద్దాల హనుమంతు
* తోట వైకుంఠం
* పాలమూరు వలసలు